ప్లీడరమ్మ బోణీ

బట్టల వ్యాపారంలో నా అంత గట్టివాడు బందరు బజారులో లేడని మా నాన్న నలుగురిలో చెప్పుకునేవాడు. నిజమే. ఒక పట్టుచీర మీద పది శాతం తగ్గించమంటే తగ్గించకుండా, దానికి బదులు ఒక రిజిస్టరు పెళ్ళికి సాక్షి సంతకం పెడతానని ఒప్పుకున్న మొనగాణ్ణి నేను. ఆ పది శాతం నాకు మిగిలింది. గుడివాడ వైపు నుంచి మా తాతల నాటి నుంచీ వచ్చే పెళ్ళి బేరాలు పోయాయి. పెదనాన్న కొడుకులు నాతో మాటలు మానేశారు. వర్తక సంఘం మీటింగులో నా కుర్చీ జరిగి జరిగి గుమ్మం దగ్గరికి వచ్చింది. అయినా సరే, చీర మీద మాత్రం పైసా తగ్గలేదు. ఇంత తెలివైన బేరం మా వంశంలో ఇంకెవరూ చెయ్యలేదు.

ఆ బేరం ఆడింది ఒక ప్లీడరమ్మ. ఆవిడ పోయిందని మొన్ననే తెలిసింది. ఎలా తెలిసిందో చివర్లో చెబుతాను. ముందు సరుకు పరిచి, రేటు తర్వాత చెప్పడం మా అలవాటు.

బజారులో ఆవిడ పేరు ఎవరూ వాడేవారు కాదు. ప్లీడరమ్మ అంటే ఆవిడే. నల్లకోటు ఒంటిమీద కన్నా చేతిమీదే ఎక్కువ ఉండేది, తడితువ్వాలు వేసుకున్నట్టు. కొట్టు మెట్లెక్కి చెప్పులు విడిచి, వాటిని మళ్ళీ వంగి చేత్తో తిప్పి, ముక్కులు వీధివైపు ఉండేలా పెట్టేది. ఈ క్షణమే వెళ్ళిపోయే మనిషిలాగా. ఆ తర్వాత గంటసేపు కదిలేది కాదు. చీర చెంగును బొటనవేలికీ చూపుడువేలికీ మధ్య నలిపి చెవి దగ్గర పెట్టుకునేది.

"ఏం వినపడుతోందమ్మా?" అని అడిగాను ఒకసారి.

"పట్టయితే చప్పుడవుతుందండీ. ఇందులో మీరు చెప్పిన మాటలే వినపడుతున్నాయి" అంది.

మా వాళ్ళకి బోణీ అంటే భయం. పొద్దున్నే వచ్చిన మొదటి బేరాన్ని వెనక్కి పంపితే ఆ రోజంతా గల్లా మూగపోతుందని నమ్మకం. నష్టమొచ్చినా సరే, అసలు ధరకైనా సరే, బోణీ మాత్రం పోనివ్వం. ఆవిడకి ఆ సంగతి తెలుసు. నేను దేవుడి పటానికి అగరొత్తులు తిప్పి ఇటు తిరిగేసరికి కౌంటరు దగ్గర నిలబడి ఉండేది. అరచెయ్యి బల్ల మీద బోర్లించి, "బోణీ బేరమండీ" అనేది. ఆ చెయ్యి తీసేలోపు నేను ఏదో ఒకటి ఒప్పుకోవాలి.

ఒక్కతీ వచ్చేది కాదు. పక్కన ఎవరో ఒక ఆడపిల్ల ఉండేది. బంటుమిల్లి పిల్ల ఒకసారి, పమిడిముక్కల పిల్ల ఒకసారి. చుట్టాలనుకునేవాణ్ణి. కాదు, క్లయింట్లు. మతం కాని మతంవాణ్ణి చేసుకుంటానని ఇంట్లో చెప్పి తన్నులు తిన్నవాళ్ళు, చెప్పకుండా బయటికొచ్చినవాళ్ళు. మతం మార్చుకోకుండా, ఎవరి దేవుడితో వాళ్ళుండి చేసుకునే రిజిస్టరు పెళ్ళి ఒకటుందని, అది చేయించడం ఆవిడ పని అని నాకు తర్వాత తెలిసింది. కోర్టు పని కోర్టులో చేసుకోక మా కొట్టుకెందుకు తెస్తుందో అది ఇంకా ఆలస్యంగా తెలిసింది.

"మీరేం మొహమాటపడకండి. రోజూ అంటగట్టినట్టే అంటగట్టండి" అనేది నాతో.

"అంటగట్టడమేంటమ్మా. మేం చూపిస్తాం, అంతే."

"అదేనండీ. చూపించండి."

చూపించేవాణ్ణి. ఊరికే చూడమ్మా, కొనక్కర్లేదు అంటూ మొదలుపెట్టి, చీర మీద చీర పరిచి, ఒకటి పిల్ల భుజం మీద వేసి, అద్దంవైపు తిప్పి, "మా చెల్లెలికైతే ఇదే ఇస్తాను" అనేవాణ్ణి. పిల్ల తల వంచేది. బిల్లు రాసేసేవాణ్ణి. మర్నాడు పొద్దున్నే ప్లీడరమ్మ అదే పిల్లతో, అదే చీరతో మళ్ళీ ప్రత్యక్షం. అమ్మిన సరుకు వాపసు తీసుకోబడదని గోడ మీద బోర్డు ఉంది. దాని కిందే నిలబడి, "బోణీ వేళ గొడవెందుకండీ" అనేది. తీసుకునేవాణ్ణి.

అప్పుడు నా ఎదురుగానే ఆ పిల్లకి చెప్పేది: "ముక్కూ మొహం తెలియని ఈయన చెల్లెలంటేనే కాదనలేకపోయావు. రేపు స్టేషన్లో మీ అమ్మ ఏడుస్తూ, రెండు రోజులుండి వెళ్ళిపోదువుగాని రావే అంటే ఏం చేస్తావు? ఈయన 'ఊరికే చూడమ్మా' అంటాడు చూడూ, అదీ ఇదీ ఒకటే బేరం."

మా నాన్న మెచ్చుకున్న నా నోటిని ఆవిడ అలా వాడుకుంది. పిల్లలు రాయవలసిన పరీక్షకు నేను ప్రశ్నపత్రాన్ని. ఏ రోజున పిల్ల నా మొహంలోకి చూసి, "వద్దండీ, నాకు నచ్చలేదు" అని లేచి చెప్పులేసుకుంటుందో ఆ రోజుకి ప్యాసు. ఆ మర్నాడు ప్లీడరమ్మ వచ్చి ఒక జాకెట్టు ముక్కయినా కొనేది, నా బోణీ పాడుచేసినందుకు పరిహారంగా.

"మీకెందుకమ్మా ఈ తలనొప్పులు?" అని ఒకరోజు అడిగాను.

ఆవిడ చెంగు నలుపుతూనే చెప్పింది. "నాకూ పంతొమ్మిదేళ్ళున్నాయండీ ఒకప్పుడు. అవనిగడ్డ బస్టాండు దాకా వెళ్ళాను. మా అమ్మ వెతుక్కుంటూ వచ్చి, ఊరికే ఒక్కసారి ఇంటికొచ్చి అన్నం తిని వెళ్ళవే అంది. వెళ్ళాను."

"తర్వాత?"

"అన్నం బావుంది" అంది. చీర మడతపెట్టి నా వైపు తోసింది. "దీని రేటు చెప్పండి."

ఒక ఆషాఢంలో, పెళ్ళి బేరాల్లేక ఈగలు తోలుకుంటున్న రోజుల్లో, ఆవిడ తీసుకొచ్చిన పిల్లని చూసి నా చేతిలోని అగరొత్తులు కింద పడ్డాయి. ఆ పిల్ల నాకు తెలుసు.

గుడివాడలో స్టీలు సామాన్ల కొట్టు ఆయన కూతురు. మాకు చుట్టరికం లేదు. మా దగ్గర బట్టలు కొన్న పెళ్ళివాళ్ళని మేం సామాన్లకి ఆయన దగ్గరికి పంపేవాళ్ళం, ఆయన బట్టలకి మా దగ్గరికి పంపేవాడు. అలా మా నాన్నకి బావగారయ్యాడు, నాకు మావయ్యగారు. మెత్తని మనిషి. కొట్లో ఎలుక పడితే బోను పట్టుకెళ్ళి కాలవగట్టున వదిలేసి వచ్చేవాడు. గిన్నెల మీద పేర్లు కొట్టడానికి మనుషులున్నా చిన్న మిషను పట్టుకుని తానే టకటకా కొట్టేవాడు. కూతురు పుట్టినప్పటి నుంచి కొత్త రకం సామాను ఏదొచ్చినా ఒకటి తీసి, దాని మీద ఆమె పేరు కొట్టి, అటకమీద దాచేవాడు. ఆ అటక నాకు చూపించాడు కూడా.

"ఏమ్మా, నువ్వా?" అన్నాను.

"అవును బావా" అంది. ఆ పిలుపుతో సగం మునిగాను.

అబ్బాయి మా బందరు పార్సిలాఫీసులో గుమస్తా, ముస్లిం. మా బేళ్ళు అతని చేతిమీదుగానే వచ్చేవి. గుడివాడలో బ్యాంకు పరీక్షల కోచింగులో ఇద్దరికీ పరిచయం. అతని తల్లి కూడా ఒప్పుకోలేదు, అన్నం మానేసి గోడవైపు తిరిగి పడుకుందట. ఆ పిల్ల ప్లీడరమ్మ ఇంట్లో ఉంటోంది. నా పరీక్షలో మొదటిసారి తప్పింది, రెండోసారి కూడా తప్పింది. మూడోసారి నేను బావ వరస వాడుకుని, "మరదలివి, నా మాట తీసేస్తావా" అని కూడా అన్నాను. తీసేసింది. చెప్పులేసుకుని వెళ్ళిపోయింది.

మర్నాడు ప్లీడరమ్మ పరిహారంగా జాకెట్టు ముక్క కొనలేదు. పెళ్ళి చీర చూపించమంది.

"ఆషాఢంలో పెళ్ళి చీరేంటమ్మా?"

"నెల రోజులు నోటీసు వేలాడాలి కదండీ. అయ్యేసరికి శ్రావణం వస్తుంది. మీ మనసు కుదుటపడుతుంది."

గంధం రంగు చీర తీసింది. పది శాతం తగ్గించమంది. కుదరదన్నాను. అరచెయ్యి బల్ల మీద బోర్లించింది. "సరే, తగ్గించొద్దు. ఈ పెళ్ళికి ముగ్గురు సాక్షులు కావాలి. ఇద్దరున్నారు. మూడో సంతకం మీరు పెట్టండి. పైసా ఖర్చు లేదు."

పైసా ఖర్చు లేదన్న మాట దగ్గరే నేను పడిపోయాను. ఆ మాటతో నేను ఎంతమందిని పడేశానో. పైగా బోణీ. సరేనన్నాను.

నోటీసు అంటే ఏమిటో అప్పటికి నాకు సరిగ్గా తెలియదు. రిజిస్ట్రారాఫీసు ముందుకి వెళ్ళి చూశాక తెలిసింది. ఇద్దరి పేర్లు, తండ్రుల పేర్లు, ఊళ్ళు, ఇళ్ళు, అన్నీ కాగితం మీద ఎక్కించి, దారినపోయే ప్రతివాడూ చదువుకునేలా బోర్డుకి అంటించారు. పారిపోయి వచ్చినవాళ్ళని కాపాడే చట్టమే ముందుగా వాళ్ళెక్కడున్నారో దండోరా వేస్తుంది. "ఇదేం కాపాడటమమ్మా?" అన్నాను. "తలుపు పెట్టారండీ. గడియ మనమే పెట్టుకోవాలి" అంది. ఆ గడియ కోసం అప్పటికే ఎస్పీగారికి రక్షణ అర్జీ పెట్టింది. అర్జీ మీద ముద్ర పడింది కాని కాపలాకి మనిషి రాలేదు.

నోటీసు గుడివాడకి చేరడానికి వారం పట్టలేదు. తన కూతుర్ని ఆ అబ్బాయి ఎత్తుకుపోయాడని మావయ్యగారు కంప్లయింటు ఇచ్చారు. బందరు స్టేషనుకి పిలిచారు. ప్లీడరమ్మ వయసు రుజువుకి పిల్ల పదో తరగతి సర్టిఫికెట్టు పట్టుకుని, కుర్చీ ఇచ్చినా కూర్చోకుండా, గోడకి చేరబడి నిలబడిందట. ఆ పిల్లే తర్వాత చెప్పింది. తల్లి ఏడ్చింది. ఎస్సైగారు మర్యాదగానే మాట్లాడారు. "మేజరువే, కాదనడం లేదు. పెద్దవాళ్ళు కదమ్మా, రెండు రోజులుండి రా" అన్నారు. పిల్ల ప్లీడరమ్మ వైపు చూసింది. ఆవిడ కిటికీలోంచి బయటికి చూస్తోంది. అప్పుడు తండ్రి వచ్చి, తలనిమిరి, "ఊరికే ఒకసారి మీ నాయనమ్మకి కనపడి వద్దువుగాని రా తల్లీ" అన్నారు.

"వద్దు నాన్నా" అంది. మా కొట్లో అన్న గొంతుతోనే.

ఆయన మారుమాట్లాడలేదట. తువ్వాలు దులిపి భుజాన వేసుకుని వెళ్ళిపోయారట. గండం గడిచిందనుకున్నాం. ప్లీడరమ్మ ఒక్కతే అనుకోలేదు. "అరిచినవాడి సంగతి నాకు తెలుస్తుందండీ. ఊరుకున్నవాడి సంగతే తెలియదు" అంది.

నాలుగైదు రోజులకి, నేను అగరొత్తులు తిప్పి ఇటు తిరిగేసరికి కౌంటరు ముందు మావయ్యగారు.

"అల్లుడూ, బోణీ అయిందా?"

"ఇంకా లేదు మావయ్యగారూ."

"అయితే నేను చేస్తా." కూర్చున్నారు. నీళ్ళు ఇస్తే తాగారు. "పంచెల చాపులు చూపించు. తువ్వాళ్ళు కూడా. ఆడవాళ్ళకి పెట్టడానికి నేతచీరలు. పెద్దకర్మకి."

"ఎవరు పోయారు మావయ్యగారూ?"

"మా అమ్మాయి" అన్నారు.

ముందురోజు సాయంత్రం ఆ పిల్ల ప్లీడరమ్మ ఇంటి అరుగు మీద చిక్కుళ్ళు ఈనెలు తీస్తుంటే చూశాను. ఆ తర్వాత ఏం జరిగిందో నాకు తెలియదు. ఆయన మొహం చూస్తే ఏమీ తెలియడం లేదు. నా కాళ్ళు లేచి పరిగెత్తమంటున్నాయి. చేతులు మాత్రం పంచెలు తీస్తున్నాయి. ఇది నాకు ఇప్పటికీ మింగుడుపడదు. బుర్ర ఆగిపోయింది, చేతులు ఆగలేదు. మడత విప్పాయి, అంచు చూపించాయి, తువ్వాళ్ళు లెక్కపెట్టాయి. నోరు కూడా తన పని తాను చేసుకుపోయింది. "ఇంకేమన్నా చూపించమంటారా?" అని అడిగాను నేను. అడిగింది నేనే.

"చాలు" అన్నారు. బేరం ఆడలేదు. జీవితంలో మొదటిసారి ఆయన నా దగ్గర బేరం ఆడలేదు. "పెళ్ళి చీర నీ దగ్గరే తీసుకుందటగా. ఇవీ నీ దగ్గరే తీసుకోవాలి, న్యాయం. బిల్లు దాని పేరునే రాయి. పేరు ముందు కీర్తిశేషురాలు అని పెట్టు. అటక మీద సామాను దించి పేర్లన్నీ అరగదీయించాను అల్లుడూ. మెరుగు పోయింది. అమ్ముడుపోవు."

రాశాను. బోణీ కదా. చావు బట్టలు కొన్నవాళ్ళని మళ్ళీ రండి అనకూడదు. అనలేదు. ఆయన మళ్ళీ రాలేదు కూడా.

కొట్టు అలాగే వదిలేసి, చెప్పుల్లేకుండా ప్లీడరమ్మ ఇంటికి పరిగెత్తాను. ఆ పిల్ల పెరట్లో తల దువ్వుకుంటోంది. "ఏంటి బావా, ఆయాసపడుతున్నావు?" అంది. నేను గుమ్మంలో కూలబడ్డాను. బతికే ఉందని తెలిసిన తర్వాతే నాకు అసలు భయం మొదలైంది. చంపినవాడైతే ఒకరకం. ఎలుకని చంపలేనివాడు, ఎదురుగా కూర్చుని మంచినీళ్ళు తాగి, బతికున్న బిడ్డకి తువ్వాళ్ళు ఎంచుకున్నాడు.

ప్లీడరమ్మ అంతా విని, పిల్లని లోపలికి పంపి, "బిల్లు కార్బను కాపీ ఉందా?" అని అడిగింది.

"ఉంది."

"పేరు ఆయన చెప్పినట్టే రాశారా?"

"అలాగే."

"తీసుకురండి. చంపుతానని నోటితో అంటే, ఏదో కోపంలో అన్నాడులేమ్మా అంటారండీ పోలీసులు. ఇది కోపం కాదు, కొనుగోలు." ఆ మాట అంటూనే లేచింది. కోటు వేసుకుంది. ఒంటి మీద. "దీనికి మీ అఫిడవిట్టు కూడా కావాలి."

"నేను ఒప్పుకున్నది ఒక్క సంతకమమ్మా."

"అవును. ఎగస్ట్రా అడుగుతున్నాను."

"ఆయన మా మావయ్యగారమ్మా. ఆయన ఏమీ చెయ్యడు."

"చెయ్యకపోవచ్చు. ఆ మాట మీరు రాసిస్తారా, చెయ్యడని?"

రాసివ్వలేకపోయాను. అఫిడవిట్టే ఇచ్చాను. బోణీ వేళ కూడా కాదు, మిట్టమధ్యాహ్నం. దాన్ని ఏ లెక్కలో వేసుకోవాలో నాకు తెలియదు.

బిల్లు కాపీ ఎస్పీగారి బల్ల మీద పెట్టాక అర్జీ కదిలింది. నోటీసు గడువు ముగిసిన మర్నాడు రిజిస్ట్రారాఫీసు గుమ్మానికి అటొక కానిస్టేబులు, ఇటొక కానిస్టేబులు. పిల్ల గంధం రంగు చీర కట్టుకుంది. అబ్బాయి చొక్కా చెమటకి వీపుకి అతుక్కుపోయింది. సంతకం పెట్టేటప్పుడు నా అక్షరం వంకరపోయింది. "ఫరవాలేదండీ, చట్టం అందం అడగదు" అంది ప్లీడరమ్మ.

బయటికి వచ్చేసరికి రోడ్డుకి అవతల సోడాబండి దగ్గర మావయ్యగారు నిలబడి ఉన్నారు. గుండు. కర్మ చేసేసుకున్నారు. కానిస్టేబుళ్ళు ముందుకి కదిలారు. ఆయన ఏమీ చెయ్యలేదు. చేతిలో ఏమీ లేదు.

"నాన్నా" అని పిలిచింది పిల్ల.

ఆయన వెనక్కి తిరిగి చూశారు, ఎవర్ని పిలుస్తున్నారో అన్నట్టు. వెనక ఎవరూ లేరు. మళ్ళీ ఇటు తిరిగి, సోడావాడికి చిల్లర ఇచ్చి, బస్టాండు వైపు నడిచి వెళ్ళిపోయారు. పిల్ల కాళ్ళు ఆయన వెనకే ఒక అడుగు వేశాయి. ప్లీడరమ్మ ఆ పిల్లని పట్టుకోలేదు. నేను కంగారుగా చూశాను. ఆవిడ నల్లకోటు చేతిమీద సర్దుకుంటూ మట్టిని చూస్తోంది. పిల్ల తనంతట తానే ఆగింది.

వాళ్ళిద్దరూ దివిసీమ వెళ్ళిపోయారు. కొన్నేళ్ళకి ప్లీడరమ్మ కూడా ప్రాక్టీసు చాలించి అవనిగడ్డ చేరిందన్నారు. నేను వెళ్ళలేదు.

మొన్న పొద్దున అగరొత్తులు తిప్పి ఇటు తిరిగితే, కౌంటరు మీద ఒక అరచెయ్యి బోర్లించి ఉంది. "బోణీ బేరమండీ." తలెత్తితే ఆ పిల్ల. పిల్లేమిటి, చెంపల దగ్గర నెరిసింది. ప్లీడరమ్మ పోయిందని చెప్పడానికి మొదటి బస్సుకి వచ్చింది. ఆఖరి ఏడాది వాళ్ళింట్లోనే ఉందట.

"ఏమనేది?" అన్నాను.

"పెద్దగా మాట్లాడేది కాదు బావా. రోజూ కంచం ముందు మాత్రం, అన్నం బావుందే అనేది."

నాకు తెలిసిన పనే చేశాను. చీరలు తీసి పరిచాను. ఒకటి ఆమె భుజం మీద వేశాను. అద్దంవైపు తిప్పాను. ఆమె నా మొహంలోకి చూసింది.

"వద్దు బావా. నాకు నచ్చలేదు" అంది. చెప్పులు వీధివైపు తిప్పి పెట్టి ఉన్నాయి. వేసుకుని వెళ్ళిపోయింది.

ఇక రేటు చెప్పాలి. గంధం రంగు చీర మీద తగ్గించింది, ఏమీ లేదు. పెద్దకర్మ బట్టల మీద వచ్చింది, నిండు లాభం. బేరమాడని మనిషికి చెప్పిన రేటే పడింది. ఆ డబ్బు ఏ హుండీలోనూ వెయ్యలేదు, గల్లాలో కలిసి ఖర్చయిపోయింది. పోయినవి గుడివాడ బేరాలు, అన్నదమ్ముల మాటలు, మావయ్యగారు. ఆయన బతికే ఉన్నారు. గుడివాడ వెళ్తే ఆ వీధి తప్పించి నడుస్తాను. ఆ పిల్ల బతికుండటం నా వైపు రాసుకుందామని చాలాసార్లు చూశాను. కుదరదు. నేను ఇచ్చింది బోణీ వేళ కాదనలేక ఒప్పుకున్న ఒక వంకర సంతకం, చెయ్యడని రాసివ్వలేక ఇచ్చిన ఒక అఫిడవిట్టు. మిగతాది ప్లీడరమ్మ వైపు పోతుంది. ఆవిడ అడిగిన పది శాతం ఇంకా నా దగ్గరే ఉంది. మొన్నటి బోణీ పోయింది, రోజంతా గల్లా మోగలేదు. అది నష్టం కింద రాయలేదు.